అరకిలో కైమా... ఆరుగురి విందు!

మా నాయనమ్మ రెండేళ్లుగా ఒక అబద్ధం చెబుతోంది. ఆదివారం ఇంట్లో పెద్దకూర వండిన రోజు ఎవరైనా గరిటెతో ముక్కలు వెయ్యబోతే, కంచానికి చెయ్యి అడ్డం పెడుతుంది. "నాకొద్దు నాయనా, పులుసు పొయ్యి చాలు" అంటుంది.

ఇష్టం లేక కాదు. నమలలేక. నోట్లో మిగిలినవి నాలుగు పళ్లు. కట్టుడు పళ్లు చేయించాం గానీ, అవి పెట్టుకున్న రోజులకంటే గూట్లో డబ్బాలో ఉన్న రోజులే ఎక్కువ. చికెన్ మెత్తగా ఉంటుంది కదా తినమంటే, "దాంట్లో ఏముందిరా, గడ్డి నమిలినట్టు" అని మూతి తిప్పుతుంది. జీవితమంతా మిరపతోటల్లో కోతలు కోసిన మనిషి, ఆదివారం వస్తే చర్చి నుంచి నేరుగా పొయ్యి దగ్గరికి నడిచిన మనిషి. ఇప్పుడు ఉత్తి పులుసుతో నాలుగు ముద్దలు తిని లేచిపోతుంటే చూడలేకపోయా.

అందుకే మొన్న ఫిబ్రవరిలో వర్క్ ఫ్రమ్ హోమ్ పెట్టుకుని ఊరికెళ్లినప్పుడు ఒక పని నెత్తికెత్తుకున్నా. ఒక ఆదివారం రాత్రి భోజనం మొత్తం నేనే వండాలి. నాయనమ్మ నమలగలిగేట్టు వండాలి. చిన్నప్పుడు మా ఇంట్లో చేసిన కైమా ఉండలు గుర్తొచ్చాయి. అన్నం కలిపి చేసేవి, నోట్లో పెట్టుకుంటే నాలుకతోనే విరిగేవి.

నాకు కోడ్ రాయడం వచ్చు. మ్యాగీ వచ్చు. ఆమ్లెట్ కూడా వచ్చు. కైమా ఉండలు మాత్రం రావు. మొదటిసారి ఘోరంగా ఫెయిలయ్యా. రెండోసారి కుదిరింది. ఎక్కడ తప్పు జరిగిందో, ఎలా సరిదిద్దానో చెబుతా. కొలతలు కూడా ఇచ్చా, మీరూ చేసుకోండి.

'వీకెండ్ ఏం వండావ్?'

ముందు నా సంగతి ఒకటి ఒప్పుకోవాలి. ఉద్యోగంలో చేరి ఆరేళ్లయింది. హైదరాబాద్‌లో ముగ్గురం కలిసి ఫ్లాట్‌లో ఉంటాం. సోమవారం పొద్దున మీటింగ్ మొదలయ్యే ముందు అందరూ జాయినయ్యేదాకా కబుర్లు నడుస్తాయి కదా. ఎవరో ఒకరు అడుగుతారు, 'వీకెండ్ ఏం వండావ్?' అని. నేను 'చికెన్' అంటా. ఆరేళ్లుగా ప్రతి సోమవారం చికెనే. మా ఇంట్లో అబద్ధం చెప్పేది నాయనమ్మ ఒక్కతే కాదన్నమాట.

ఇల్లు వెతుక్కునేటప్పుడు ఓనర్లు ఏమేం అడుగుతారో మీకూ తెలుసు. 'బ్యాచిలర్సా? నాన్‌వెజ్ తింటారా?' ఒకాయన మాత్రం చాలా మర్యాదగా, 'చికెన్, మటన్ పర్లేదు బాబూ. అది మాత్రం వద్దు' అన్నాడు. 'అది' అంటే ఏంటో ఆయన చెప్పలేదు. నేనూ అడగలేదు. ఇద్దరికీ తెలుసు. ఆ ఇంట్లో రెండేళ్లున్నా. ఒక్కసారి కూడా వండలేదు. తినాలనిపిస్తే బయటికెళ్లి బిర్యానీ తిని, చేతులు రెండుసార్లు సబ్బుతో కడుక్కుని వచ్చేవాణ్ణి.

దీన్ని పెద్ద కష్టమని చెప్పను. మా తాతల తరం పడ్డవాటి ముందు ఇదో లెక్కా? కానీ వారం వారం ఒక చిన్న అబద్ధం ఆడుతూ పోతే, మన ఇంటి వంట మెల్లగా మనకే పరాయిదైపోతుంది. ఇరవయ్యెనిమిదేళ్లొచ్చినా నాకు పెద్దకూర వండటం రాకపోవడానికి అసలు కారణం అదే. ఇది వచ్చాక మా టీమ్‌లో ఎవరో ఒకరు చదువుతారు. చదవనివ్వండి.

పేరు బీఫే గానీ...

మా ఊరు పర్చూరు దగ్గర. నేను పుట్టినప్పుడు ప్రకాశం జిల్లా. 2022లో జిల్లాలు విడగొట్టాక బాపట్ల జిల్లా అయింది. గుంటూరు వైపు వెళ్లినా, ఒంగోలు వైపు వెళ్లినా నల్లరేగడి నేలే. పత్తి, మిరప. ఫిబ్రవరిలో అయితే కళ్లాల నిండా ఎర్రగా కాయలు ఆరబోసి ఉంటాయి. బస్సు కిటికీ తెరిస్తే చాలు, తుమ్ములు.

ఈ నేలలో ఈ మాంసానికి పేర్లు చాలా. మా ఇంట్లో పెద్దకూర. మటన్ చిన్నకూర. గుంటూరులో మా ముస్లిం ఫ్రెండ్స్ ఇళ్లలో బడా గోష్. కాలేజీ హాస్టల్లో బీఫ్. పేరు బీఫే గానీ, మన దగ్గర అంగట్లో దొరికేది ఎక్కువగా గేదె, దున్నపోతు మాంసం. చూస్తే తెలిసిపోతుంది. మాంసం ముదురు ఎరుపు, కొవ్వు తెల్లగా ఉంటుంది. ఆవు జాతి కొవ్వుకైతే పసుపు ఛాయ ఉంటుంది.

చట్టం ఏమంటుంది అని కొందరికి అనుమానం. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 1977లో వచ్చిన చట్టం ప్రకారం ఆవుల్ని, దూడల్ని వధించడం నేరం. గేదెలు, దున్నలు, ఎద్దుల విషయంలో పాలకీ, పనికీ, సంతతికీ ఇక పనికిరావని సర్టిఫికెట్ ఉంటేనే కబేళాకి పంపాలి. అందుకే ఎక్కడ పడితే అక్కడ కాకుండా లైసెన్సున్న దుకాణంలో కొనడం మంచిది. శుభ్రత కోసమైనా, మనశ్శాంతి కోసమైనా.

ఇంకో విచిత్రం వినండి. మా నల్లరేగడిలో నాగలి లాగిన ఒంగోలు గిత్త ఉంది చూశారూ, ఆ జాతి 19వ శతాబ్దంలోనే ఓడెక్కి బ్రెజిల్ చేరింది. అక్కడ దాన్ని 'నెలోరే' అంటారు. మన నెల్లూరు పేరే అట్లా అయింది. ఇవాళ బ్రెజిల్ మాంసం పరిశ్రమకి వెన్నెముక ఆ జాతే. ప్రపంచంలో బీఫ్ ఎక్కువగా ఎగుమతి చేసే దేశాల్లో బ్రెజిల్‌ది ముందు వరస. ఒంగోలు గిత్త సముద్రాలు దాటి అంత పేరు తెచ్చుకుంటే, ఒంగోలు పక్కన పుట్టిన నేను మీటింగ్‌లో 'చికెన్' అంటూ కూర్చున్నా.

ఈ గొంతు తగ్గించడం నాతో మొదలవలేదు. 2012 ఏప్రిల్ 15న ఉస్మానియా యూనివర్సిటీలో విద్యార్థులు బీఫ్ ఫెస్టివల్ పెడితే క్యాంపస్‌లో గొడవలు జరిగాయి. అప్పుడు నా పదో తరగతి పరీక్షలైపోయి ఇంట్లోనే ఉన్నా. టీవీలో ఆ వార్త వస్తుంటే నాన్న ఏమీ అనకుండా చానల్ మార్చాడు. అది ఆదివారం. మా కంచాల్లో ఉన్నదీ అదే కూర.

అన్నం ఎందుకు కలుపుతారు?

వంట మొదలుపెట్టే ముందు అమ్మని అడిగా. "రుచి కోసమా? మెత్తగా ఉండటానికా?"

అమ్మ నవ్వింది. "రుచా? మాంసం చాలకరా."

అప్పట్లో ఇంట్లో ఆరుగురం. నాయనమ్మ, తాతయ్య, అమ్మ, నాన్న, అక్క, నేను. మిరపకోతల కూలి డబ్బులొచ్చిన వారం తెచ్చేది అరకిలో. ముక్కలుగా వండితే మనిషికి నాలుగైదు ముక్కలు రావాలి. కానీ రావు. ముందు తాతయ్యకి, నాన్నకి, తర్వాత పిల్లలకి. చివర్లో గిన్నె అమ్మ దగ్గరికి, నాయనమ్మ దగ్గరికి వచ్చేసరికి మిగిలేది పులుసు, ఒకట్రెండు ఎముకలు.

"మీ నాయనమ్మ అప్పుడూ అదే అనేది" అంది అమ్మ. "నాకొద్దు, పులుసు చాలు అని."

అంటే ఆ మాట రెండేళ్లది కాదు. నలభై, యాభై ఏళ్లది. పళ్లున్న రోజుల్లో కూడా మా నాయనమ్మ అదే చెప్పింది.

కైమా ఉండల ఆలోచన కూడా నాయనమ్మదేనట. అమ్మ కాపురానికొచ్చిన కొత్తలో ఒక ఆదివారం, మాంసాన్ని కత్తిపీట మీద సన్నగా తరిగి, రోట్లో వేసి దంచి, పొద్దుటి అన్నం కలిపి ఉండలు కట్టిందట. ముక్కలకి లెక్కుండదు. ఒకటి పెద్దది, ఒకటి చిన్నది, ఒకటి ఎముక. ఉండలకి లెక్కుంటుంది. అన్నీ ఒకే సైజు. ఆరుగురికి తలా నాలుగు. మామగారికి నాలుగే, కోడలికీ నాలుగే. వడ్డించేవాళ్లు ఎవరైనా సరే, చివర తినేవాళ్లకి తగ్గించే వీలే లేదు.

"నా కంచంలో నాలుగేసి, 'నీవి నువ్వే తిను, ఎవరికీ ఎత్తిపెట్టమాక' అంది" అని చెప్పింది అమ్మ. అత్త మీద కంప్లయింట్లు బోలెడున్న మా అమ్మ, ఈ మాట చెప్పేటప్పుడు మాత్రం గొంతు మార్చింది.

అన్నం కలపడం అంటే మాంసాన్ని పొదుపు చెయ్యడమే అనుకున్నా అప్పటిదాకా. అది పంపకం కూడా.

ప్రపంచంలో వీటికి చుట్టాలు

తర్వాత ఊరుకోలేక ఫోన్లో వెతికా. మాంసం, బియ్యం కలిపి ఉండ కట్టడం మా నాయనమ్మకి ఒక్కదానికే తట్టిన ఆలోచన కాదు. ఇరాన్‌లో తబ్రీజ్ ఊరి కోఫ్తాలో బియ్యం, పప్పు కలుపుతారు, ఒక్కో ఉండ పిడికిలి కంటే పెద్దది. టర్కీలో ఉడికిన అన్నం కలిపి, గుడ్డులో ముంచి వేయిస్తారు. గ్రీస్‌లో బియ్యం కలిపిన చిన్న ఉండల్ని చారులో ఉడికించి నిమ్మరసం, గుడ్డు కలుపుతారు. అమెరికాలో 1930ల నాటి కరువు రోజుల్లో పచ్చి బియ్యం కలిపిన ఉండలు బాగా వాడుకలోకొచ్చాయి. ఉడికాక బియ్యం గింజలు ముళ్లలా బయటికి పొడుచుకొస్తాయి కాబట్టి వాటికి ముళ్లపంది ఉండలని పేరు.

మన దగ్గరా ఉన్నాయి. రైల్వే కాలనీల్లో బతికిన ఆంగ్లో ఇండియన్ల ఇళ్లలో కైమా ఉండల కూరని 'బాల్ కర్రీ' అంటారు, పసుపు వేసిన కొబ్బరి అన్నంతో తింటారు. ముస్లిం ఇళ్ల కోఫ్తా సరేసరి. కోఫ్తా అన్న మాట పారశీకం నుంచి వచ్చింది, దంచినది అని అర్థం. ఇది చదివి నాయనమ్మకి చెప్తే, "నేను దంచానని వాళ్లకెట్టా తెలిసిందిరా?" అంది.

మొదటి ప్రయత్నం: ఉండలు మాయం!

ముందు జాగ్రత్తగా కిలో కైమా తెచ్చా. సగం మధ్యాహ్నం ట్రయల్‌కి, సగం రాత్రికి. ప్రొడక్షన్‌లో పెట్టే ముందు టెస్ట్ చెయ్యాలి కదా!

ట్రయల్ ఇలా సాగింది. కుక్కర్లోంచి పొగలు కక్కుతున్న అన్నం తీసి కైమాలో వేశా. ఉప్పు, కారం, ఉల్లిపాయ ముక్కలు అన్నీ ఒకేసారి పడేసి, పైపైన కలిపా. ఉండలు కట్టా. పులుసు తళతళా మరుగుతుంటే అన్నీ కలిపి వేసి, అడుగంటుతుందేమోనని గరిటెతో తిప్పా.

పది నిమిషాల తర్వాత మూత తీస్తే ఉండలు లేవు. అన్నం గింజలు, కైమా, పులుసు అన్నీ కలిసిపోయి గంజిలా ఉంది. నాయనమ్మ వచ్చి తొంగి చూసింది. "ఏందిరా ఇది, పులుసులో అన్నం పారబోశావా?" అంది. నాన్న తిన్నంతసేపూ ఏమీ అనలేదు. చెయ్యి కడుక్కుంటూ మాత్రం, "ఉండలు రాత్రికా?" అన్నాడు.

పారెయ్యలేదు. ఇంకాస్త ఇగరబెట్టి కైమా ఇగురని పేరు పెట్టేశాం. తర్వాత నాయనమ్మని మంచం మీద కూర్చోబెట్టి, తప్పు ఎక్కడుందో ఒక్కొక్కటీ అడిగా. ఆమె చెప్పినవీ, నేను చదువుకున్నవీ కలిపితే నాలుగు తప్పులు తేలాయి.

ఒకటి, వేడి అన్నం. వేడన్నం ఆవిరితో తడి వదులుతుంది, మాంసంలో కొవ్వునీ కరిగిస్తుంది. ఉండ పట్టు తప్పుతుంది. పూర్తిగా చల్లారిన అన్నంలో గింజ కాస్త గట్టిపడుతుంది. దాన్ని చేత్తో సగం మెదిపితే మెదిగింది జిగురవుతుంది, మిగిలిన గింజ లోపల మెత్తగా ఉంటుంది. మేము వండేది బీపీటీ బియ్యమే. బాపట్లలో పుట్టిన వంగడం, 1986లో విడుదలైంది, ఊరూరా సాంబ మసూరి అని అమ్మేది ఇదే. కొత్త బియ్యమైతే అన్నం కాస్త ముద్దగా వస్తుంది. పులిహోరకి పనికిరాదు గానీ ఉండలకి అదే మేలు.

రెండు, ఉప్పు. కైమాలో ముందు ఉప్పు ఒక్కటే వేసి నాలుగు నిమిషాలు గట్టిగా పిసకాలి. ఉప్పు తగిలితే మాంసంలోని ప్రొటీన్ బయటికొచ్చి బంకలా అవుతుంది. అదే అసలు జిగురు. వేళ్లకి అంటుకుని లాగితే సాగినట్టుండాలి. "రోట్లో దంచితే దానంతటదే వచ్చేది, మీకు మిషన్ వచ్చి చెయ్యి ఆగిపోయింది" అంది నాయనమ్మ.

మూడు, ఉల్లిపాయ. సన్నగా తరిగి, ఉప్పు చల్లి, నీళ్లు పిండెయ్యాలి. లేకపోతే ఆ నీళ్లే ఉండని లోపల్నుంచి విప్పేస్తాయి.

నాలుగు, గరిటె. ఉండలు వేశాక మొదటి పది నిమిషాలు గరిటె ముట్టుకోకూడదు. పైపొర గట్టిపడేదాకా ఆగాలి. కలపాలంటే గుడ్డతో గిన్నె అంచులు పట్టుకుని మెల్లగా కుదపాలి.

ముక్కలతో వండే పెద్దకూరకైతే కుక్కర్లో చాలా విజిల్స్ పడతాయి. గేదె మాంసంలో పీచు గట్టిది, అది కరిగి మెత్తబడటానికి టైం పడుతుంది. కైమాలో ఆ పీచుని ముందే మిషన్ కోసేస్తుంది. కాబట్టి కుక్కర్ అక్కర్లేదు, మామూలు స్టవ్ మీద వెడల్పాటి గిన్నె చాలు. పైగా ఉడికేటప్పుడు మాంసం వదిలే రసాన్ని అన్నం పీల్చుకుని ఉండలోనే ఉంచుతుంది. నాలుగు పళ్లతో తినగలిగేంత మెత్తదనం అక్కడే వస్తుంది.

కావలసినవి (ఆరుగురికి, సుమారు 25 ఉండలు)

ఉండలకి: కైమా అరకిలో, చల్లారిన అన్నం ఒక కప్పు, ఉల్లిపాయ ఒకటి, అల్లం వెల్లుల్లి ముద్ద చెంచాన్నర, ఉప్పు చెంచాన్నర, కారం ఒక చెంచా, పసుపు పావు చెంచా, గరం మసాలా అర చెంచా, సన్నగా తరిగిన కొత్తిమీర, పుదీనా గుప్పెడు. మిశ్రమం జారుగా అనిపిస్తే రెండు చెంచాల పుట్నాల పొడి.

పులుసుకి: నూనె నాలుగు చెంచాలు, ఉల్లిపాయలు రెండు, టమాటాలు రెండు, అల్లం వెల్లుల్లి ముద్ద ఒక చెంచా, కారం రెండు చెంచాలు, ధనియాల పొడి రెండు చెంచాలు, పసుపు కొంచెం, లవంగాలు నాలుగు, దాల్చినచెక్క చిన్న ముక్క, నానబెట్టిన గసగసాలు ఒక చెంచా, ఎండుకొబ్బరి రెండు చెంచాలు, నీళ్లు మూడు కప్పులు, ఉప్పు తగినంత.

చెంచా అంటే టీ స్పూన్. నూనెకి మాత్రం పెద్ద చెంచా. కారం మా ఇంట్లో గుంటూరు సన్నం పట్టించింది. మీది తేజ రకం కారమైతే సగమే వెయ్యండి, తర్వాత నన్ను తిట్టుకోవద్దు.

ఇలా చెయ్యండి

కైమా కొట్టించేటప్పుడు తొడ మాంసం తీసుకుని, కొంచెం కొవ్వు కూడా వెయ్యమని చెప్పండి. గేదె మాంసంలో కొవ్వు తక్కువ, ఉత్తి మాంసంతో చేస్తే ఉండ పొడిబారుతుంది. రెండుసార్లు మిషన్‌లో వేయించండి. కడగాలనుకుంటే ముక్కగా ఉన్నప్పుడే కడిగి నీళ్లు వార్చాలి. కైమా అయ్యాక కడిగితే నీళ్లు తాగేస్తుంది.

కైమాలో ఉప్పు వేసి నాలుగు నిమిషాలు పిసికాక అల్లం వెల్లుల్లి ముద్ద, పొడులు, పిండిన ఉల్లిపాయ, ఆకులు కలపాలి. చివర్లో సగం మెదిపిన చల్లన్నం వెయ్యాలి. అన్నం వేశాక ఎక్కువ పిసక్కండి. చేతులు తడి చేసుకుని చిన్న నిమ్మకాయంత ఉండలు చేసి, ప్లేట్లో పెట్టి అరగంట ఫ్రిజ్‌లో ఉంచాలి.

ఈలోపు గిన్నెలో నూనె కాగాక లవంగాలు, చెక్క, ఉల్లిపాయలు వేయించాలి. ఉల్లిపాయ ఎర్రబడ్డాక అల్లం వెల్లుల్లి, టమాటా వేసి నూనె తేలేదాకా మగ్గనివ్వాలి. కారం, పసుపు, ధనియాల పొడి, గసగసాలు కొబ్బరి నూరిన ముద్ద వేసి రెండు నిమిషాలు తిప్పి, నీళ్లు పోసి, ఉప్పు చూసుకుని మరగనివ్వాలి.

మరిగాక మంట తగ్గించి, ముందు ఒకే ఒక్క ఉండ వేసి చూడండి. ఐదు నిమిషాలు నిలబడితే మిగతావి వెయ్యండి. విడిపోతే మిశ్రమంలో పుట్నాల పొడి కలిపి మళ్లీ ఉండలు కట్టండి. ఇది చేసుంటే నా మధ్యాహ్నం ఉండలు బతికిపోయేవి. అన్నీ పక్కపక్కనే ఒక వరసలో పట్టేంత వెడల్పు గిన్నె ఉండాలి, ఒకదాని మీద ఒకటి పడకూడదు. మూత పెట్టి సన్నమంట మీద అరగంట ఉంచాలి. మధ్యలో రెండుసార్లు గిన్నెని కుదపండి.

దించే ముందు ఒకటి విరిచి చూడండి. మధ్యలో పచ్చి ఎరుపు ఉండకూడదు. ముక్క మాంసంలో క్రిములు పైనే ఉంటాయి, కైమాలో అవి లోపలిదాకా కలిసిపోతాయి. వంట థర్మామీటర్ ఉంటే ఉండ మధ్యలో 71 డిగ్రీల సెల్సియస్ దాటాలి. అన్నం విషయంలోనూ ఒక జాగ్రత్త. రాత్రి వండి బయటే వదిలేసిన అన్నం వాడొద్దు. చల్లారగానే ఫ్రిజ్‌లో పెట్టింది వాడండి.

పచ్చి బియ్యంతో చెయ్యాలనుకుంటే పావు కప్పు బియ్యం ఇరవై నిమిషాలు నానబెట్టి, వడకట్టి కలపండి. నీళ్లు ఒక కప్పు ఎక్కువ పోసి, ముప్పావుగంట ఉడికించండి.

రాత్రి ఎనిమిదింటికి

ఆ రాత్రి కూడా ఆరుగురమే. తాతయ్య లేడు. అక్కతో పాటు బావ వచ్చాడు. చాప పరిచి, వేడన్నం, కైమా ఉండల పులుసు, గోంగూర పచ్చడి, చక్రాల్లా కోసిన ఉల్లిపాయలు పెట్టా. గిన్నె మూత తీసేటప్పుడు నా ఫస్ట్ ఇంటర్వ్యూ అప్పుడు కూడా గుండె అంతలా కొట్టుకోలేదు.

ఉన్నాయి. ఉండలు ఉండల్లానే ఉన్నాయి. లెక్కపెట్టా. ఇరవై అయిదు.

వడ్డించడం నేనే మొదలుపెట్టా, నాయనమ్మ దగ్గర్నుంచి. మా ఇంట్లో ఆమె కంచం ముందు నిండటం నేను చూడటం అదే మొదటిసారి అనుకుంటా. నాలుగు వేశా. అమ్మకి నాలుగు, అక్కకి నాలుగు, నాన్నకి, బావకి, నాకు తలా నాలుగు. నాన్న నా వైపు ఒకసారి చూసి తలొంచుకుని అన్నం కలుపుకున్నాడు.

నాయనమ్మ మొదటి ఉండని వేళ్లతో నొక్కింది. విరిగింది. లోపల అన్నం గింజలు తెల్లగా కనిపించాయి. నోట్లో పెట్టుకుని చాలాసేపు ఉంచుకుంది. ఎవరం ఏమీ మాట్లాడలేదు.

"ఉప్పు ఒక రవ్వ తగ్గింది" అంది.

అంతే. ఇంకేం అనలేదు. కానీ రెండోది తిన్నది. మూడోది తిన్నది. నాలుగోది తింటూ, తాతయ్య ఒకసారి తన వంతు అయిపోయాక ఎవరూ చూడట్లేదనుకుని గిన్నెలో చెయ్యి పెడితే తను గరిటెతో కొట్టిన కథ చెప్పింది. అమ్మ నవ్వి నవ్వి దగ్గింది. బావ అయితే ఈ లెక్క సంగతి తెలియక, "అత్తయ్యా, ఇంకోటెయ్యండి" అన్నాడు. "లెక్కయిపోయింది" అని నలుగురం ఒకేసారి అన్నాం.

అప్పుడు అక్క అంది, "ఒకటి మిగిలిందిగా?"

మిగిలినదానికి కూడా ఇంట్లో ఒక రూలుందట. అది వండినవాళ్లది. నాయనమ్మ పెట్టిన రూలే. అందరూ నా వైపు చూశారు. గిన్నె దగ్గరికి తీసుకుని, ఆ ఇరవై అయిదోది గరిటెతో తీసి నాయనమ్మ కంచం మీదికి తెచ్చా.

ఆమె చెయ్యి అడ్డం పెట్టలేదు.